గొంతు అమ్మి సినిమా తీసినవాడు: మెద్ హోందో నటజీవితం మీద కొన్ని మాటలు

ఫ్రాన్సులో ఈ పాతికేళ్ళలో పెరిగిన పిల్లల్ని అడగండి. 'ష్రెక్' బొమ్మల సినిమాలో ఆ వాగుడుకాయ గాడిద గొంతును ఇట్టే గుర్తుపడతారు. 1994లో వచ్చిన 'లయన్ కింగ్'లో రఫీకి అనే ముసలి కోతికి ఫ్రెంచిలో మాటలిచ్చిన గొంతూ అదే. అమెరికా నటుడు ఎడ్డీ మర్ఫీ ఫ్రెంచి థియేటర్లలో చాలాకాలం ఆ గొంతుతోనే మాట్లాడాడు, నవ్వాడు. ఇంతమందికి తెలిసిన ఆ గొంతుగలవాడి ముఖం మాత్రం వాళ్ళలో చాలామందికి తెలియదు. ఆయన పేరు మెద్ హోందో. 1936లో మౌరిటానియాలోని అతార్‌లో పుట్టి, 2019 మార్చి 2న పారిస్‌లో చనిపోయిన నల్ల నటుడు. ఒక గాడిదకి, ఒక కోతికి గొంతిచ్చినందుకు దొరికినంత జనం ఆయన సొంత ముఖానికి ఎన్నడూ దొరకలేదు.

సినిమా చరిత్రలు రాసేవాళ్ళు హోందోని దర్శకుడుగానే రాస్తారు. 'సొలెయ్ ఓ', 'వెస్టిండీస్', 'సర్రౌనియా' సినిమాల దర్శకుడు. అది నిజమే. కానీ నేనిక్కడ ఆయన్ని నటుడుగా చూడదలచుకున్నాను. ఎందుకంటే ఆయన దెబ్బ తిన్నది నటుడుగా. నటించనిస్తే దర్శకత్వం జోలికి వచ్చేవాడా అన్నది నా అనుమానం. మన దగ్గర కూడా రాయబోయి పత్రిక పెట్టినవాళ్ళు, పాడబోయి సంఘం పెట్టినవాళ్ళు ఎంతమంది లేరు? అది ఎవరూ సరదాకి చేసింది కాదు. వేరే గుమ్మం తెరుచుకోక చేసింది.

హోందో నటనలోకి వంటింట్లోంచి వచ్చాడు. 1954లో మొరాకో వెళ్ళి రబాత్‌లో హోటల్ పని నేర్చుకున్నాడు. చేతిలో విద్య ఉంది, దానికి కాగితమూ ఉంది. 1959 ప్రాంతంలో మార్సెయ్ రేవులో దిగాడు. దిగాక ఆ కాగితానికి విలువ లేదని తెలిసింది. రేవులో బరువులు మోశాడు, పొలాల్లో కూలికి పోయాడు, హోటళ్ళలో ప్లేట్లు అందించాడు, సామాను చేరవేశాడు. తెల్లవాడికిచ్చే జీతం అదే పని తెలిసిన నల్లవాడికి ఇవ్వరని అక్కడే నేర్చుకున్నాడు. తర్వాత ఫ్రాన్సువాజ్ రోజే అనే పేరున్న నటి దగ్గర నటన నేర్చుకున్నాడు. గురువు మంచిదే, నేర్చుకున్న నాటకాలు పెద్దవే, షేక్స్‌పియరూ రసీనూ. అయితే నేర్చుకున్న పాత్ర ఒకటి, ఇచ్చే పాత్ర ఒకటి. బజారులో ఆయనకి దొరికేవి నల్ల నౌకరు, నల్ల సైనికుడు, వెనకాల నిలబడే నల్లవాడు.

1966లో గొదార్ తీసిన 'మాస్క్యులాఁ ఫెమినాఁ'లో ఆయన ఉన్నాడు. మెట్రో రైలు పెట్టెలో ఒక సీను. అమెరికా నల్ల రచయిత లెరాయ్ జోన్స్ నాటకం 'డచ్‌మన్' నుంచి తీసుకున్న మాటలు. గొదార్ అంటే మన ఫిల్మ్ సొసైటీల్లో దేవుడు. ఆ సీను గురించి ఎవరైనా చెప్పేటప్పుడు గొదార్ తెలివి గురించే చెప్తారు. ఆ పెట్టెలో కూర్చున్న నల్లవాడు ఎవడు, ముందు స్టేషన్లో ఎక్కడినుంచి ఎక్కాడు, ఆ సీను అయిపోయాక ఎక్కడికి పోయాడు అని అడిగినవాణ్ణి నేను చూడలేదు. విప్లవం మాట్లాడే సినిమాలో కూడా నల్లవాడు సీను మధ్యలో వచ్చి సీను మధ్యలోనే దిగిపోయాడు.

ఆ ఏడాదే హోందో 'షాంగో' అనే నాటక బృందం పెట్టాడు. ఎమె సెజేర్ వంటి నల్ల రచయితల నాటకాలు ఆడారు. ఆ బృందం పరిచయాల్లోంచే 'సొలెయ్ ఓ' పుట్టింది. ఆ పేరుకి 'ఓ సూర్యుడా' అని అర్థం చెప్పుకోవచ్చు. కరీబియన్ దీవులకి బానిసలుగా ఎక్కించుకుపోబడ్డ ఆఫ్రికన్ల పాటలోది ఆ పిలుపు. ఖర్చు సుమారు 30 వేల డాలర్లంటారు. నటులు డబ్బు తీసుకోకుండా, తీరిక దొరికినప్పుడల్లా వచ్చి నటించారు. ఆ డబ్బు ఎక్కడిదనుకున్నారు? డబ్బింగు స్టూడియోల్లో మాటలు చెప్పి సంపాదించింది. 1970లో కాన్‌లో విమర్శకుల వారంలో ఆ సినిమా చూపించారు. అదే ఏడు లొకార్నోలో బంగారు చిరుతపులి బహుమతిని ఇంకొన్ని సినిమాలతో కలిసి పంచుకుంది.

ముఖ్యమైన పాత్ర హోందో తాను వేసుకోలేదు. గ్వాదెలూప్ నుంచి వచ్చిన రొబేర్ లియాన్సోల్‌కి ఇచ్చాడు. పారిస్‌లో 1956లో నల్ల నటులు పెట్టుకున్న 'లె గ్రియో' బృందం స్థాపకుల్లో లియాన్సోల్ ఒకడు. సినిమాలో ఆయన పాత్రకి పేరు లేదు. లెక్కలు చదువుకున్న మనిషి, ఉద్యోగం వెతుక్కుంటూ తెల్లవాళ్ళ నగరానికి వస్తాడు. ఆఫీసులన్నీ తిరుగుతాడు. ఎక్కడా తిట్టరు. నవ్వుతూ పంపించేస్తారు. లియాన్సోల్ నటనలో నాకు నచ్చింది మొదటి సగంలో ఆ మనిషి మర్యాద. కోటు సరిచేసుకుంటాడు, తలూపుతాడు, కృతజ్ఞతలు చెప్తాడు. ఇంటర్వ్యూ గదుల బయట గంటలు గంటలు కూర్చున్నవాళ్ళకి ఆ తలూపడం ఏంటో తెలుసు. అది వినయం కాదు. లోపల లెక్కపెట్టుకోవడం. ఇంకెన్ని గుమ్మాలున్నాయి, ఇంకెన్నిసార్లు తలూపాలి అని. చివరికి అడవిలో పడి అరుచుకుంటూ పరిగెత్తేది కూడా ఆ మర్యాదస్తుడే. తెల్లకుటుంబం బల్లమీద పిల్లలు తిండిని తొక్కి పారేస్తుంటే చూసి తట్టుకోలేక పరిగెత్తుతాడు. చెట్టు వేళ్ళ మధ్య లుముంబా, మాల్కం ఎక్స్, చే గువేరా, బెన్ బర్కా బొమ్మలు. తుపాకుల చప్పుడు. తెరమీద 'సశేషం' అని పడుతుంది.

షాంజెలిజే రోడ్డు మీద ఒక నల్లవాడూ ఒక తెల్లమ్మాయీ చెయ్యీ చెయ్యీ పట్టుకుని నడిచే సీను ఉంది. అక్కడ హోందో పెద్దగా ఏమీ చెయ్యలేదు. దారినపోయేవాళ్ళ ముఖాలు చూపించాడు, అంతే. వాళ్ళు నటులు కారు, నిజంగా దారినపోయేవాళ్ళు. ఆ చూపులకి డైలాగు రాయాల్సిన పని లేకపోయింది.

ఈ సినిమాని నేను మొదటిసారి చూసింది ఒక యూనివర్సిటీ సినిమా క్లబ్బులో. 2017లో 'సొలెయ్ ఓ' ప్రింటు బాగుచేసి కాన్‌లో మళ్ళీ చూపించాక చాలాచోట్లకి అందుబాటులోకి వచ్చింది. సినిమా అయ్యాక చర్చ. బ్రెహ్ట్ అన్నారు, మూడో సినిమా అన్నారు, నయావలసవాదం అన్నారు. అన్నీ సరైన మాటలే. గంటన్నర సేపు మాట్లాడారు గానీ మొదట్లో వచ్చే బాప్తిస్మం సీను గురించి ఎవరూ ఎత్తలేదు. నాకైతే సినిమా అంతా అక్కడే ఆగిపోయింది. ఆఫ్రికన్లు వరసగా నిలబడి తమ భాషలు మాట్లాడినందుకు దేవుణ్ణి క్షమాపణ అడుగుతారు. ఒక్కొక్క భాష పేరు చెప్పి మరీ అడుగుతారు. తర్వాత ఒక్కొక్కరికి కొత్త పేరు. ఆ తర్వాత అదే వరస కవాతు అవుతుంది. పట్టుకున్న శిలువలు తలకిందులై కత్తులవుతాయి.

నేను లేచి మాట్లాడబోయి కూర్చున్నాను. ఎందుకంటే నాకు రెండు ఆలోచనలు ఒకదాన్నొకటి కొట్టుకుంటూ వచ్చాయి. భాషకి క్షమాపణ అడగడం మనకి తెలుసు. మొదటి సెమినార్లో నా మాట విన్న ఒక పెద్దమనిషి ముందు భాష సరిచేసుకొని రమ్మన్నాడు. ఆ రోజు నేను కూడా మన్నించండి అన్నాను. ఆ వరసలో నేనూ నిలబడ్డట్టే. కానీ పేరు సంగతి వేరు. మా నాయనమ్మకి ఊళ్ళో ఒక పేరు, చర్చిలో ఒక పేరు, కాగితాల్లో ఇంకో పేరు. ఊరు పెట్టిన పేరుని పిలవడంలోనే తిట్టు ఉండేది. చర్చిలో పెట్టిన పేరుతో ఆమెని మొదటిసారి 'అమ్మా' చేర్చి పిలిచారు. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు వల్ల క్రైస్తవుడైన మాలమాదిగలకి ఎస్సీ హోదా లేదు గనక కాగితాల్లో ఇంకో పేరు కావలసివచ్చింది. హోందో చూపించిన సీనులో బాప్తిస్మం మనిషి పేరుని దోచుకుంటుంది. మా వాడలో అది పేరు లేనివాళ్ళకి పేరిచ్చింది, పలకా బలపం ఇచ్చింది. రెండూ నిజాలే. ఆఫ్రికా పోలిక తెచ్చి మన మీద అట్లాగే అతికించేవాళ్ళు ఈ తేడాని గమనించాలి. మనల్ని బానిస చేసినవాడు ఓడెక్కి రాలేదు, పక్క వీధిలోనే ఉన్నాడు. అందుకే మన ముసలివాళ్ళలో కొందరికి ఓడెక్కి వచ్చినవాడు మనిషిలా కనిపించాడు. ఈ మాట అంటే వలసవాదాన్ని సమర్థిస్తున్నానంటారేమో. అననీండి.

మళ్ళీ గొంతు దగ్గరికి వస్తాను. డబ్బింగు అంటే మన సినిమా మనుషులకి చెప్పక్కర్లేదు, తెలుగు తెరమీద ముఖం ఒకరిది గొంతు ఒకరిది కావడం ఎప్పటినుంచో ఉన్నదే. ఫ్రాన్సులో అది పెద్ద పరిశ్రమ. బయటి సినిమాలు జనానికి ఫ్రెంచిలోనే వినిపించాలి. అమెరికా నుంచి నల్ల నటుల సినిమాలు వచ్చేకొద్దీ వాళ్ళకి మాట్లాడేందుకు నల్ల గొంతులు కావలసివచ్చాయి. కాబట్టి అమెరికా నల్లవాడు హీరో అయితే ఫ్రెంచి నల్లవాడికి కూలి దొరుకుతుంది. చూడండి లెక్క. ఫ్రాన్సు తన నల్ల నటుడికి హీరో పాత్ర రాయదు. అమెరికా హీరో పెదాలకి సరిపడా మాట్లాడమంటుంది. మాట్లాడేవాడు చీకటి గదిలో ఉంటాడు. హోందో ఆ కూలి డబ్బుని తీసుకుపోయి సొంత సినిమాల్లో పోశాడు. ఒకచోట అమ్మిన గొంతుతో ఇంకోచోట నల్లవాళ్ళ ముఖాల్ని తెరమీదికి తెచ్చాడు. దీన్ని రాజీ అన్నవాళ్ళున్నారు. పగలు దొర పొలంలో పనిచేసి రాత్రి గుడ్డిదీపం దగ్గర సంఘం రిజిష్టరు రాసుకునేవాణ్ణి రాజీపడ్డాడంటామా? నేననను. అయితే ఆ పనిలో కళ లేదనీ అనను. ఇంకొకడి పెదాల కదలికకి సొంత ఊపిరిని కొలిచి పొయ్యడం మామూలు నటన కాదు.

దీనికి అటువైపు నుంచి ఒక ముఖం చూడాలి. సెంబేన్ ఉస్మాన్ 1966లో తీసిన 'లా నువార్ ద', అంటే 'ఫలానావారి నల్లపిల్ల'. డాకర్ నుంచి పిల్లల్ని చూసుకునే పని అని చెప్పి ఫ్రాన్సుకి తెచ్చి, ఆంతీబ్‌లో ఒక ఫ్లాట్లో వంటకీ తుడుపుకీ పెట్టుకున్న దియువానా కథ. ఆఖరికి స్నానాలతొట్టిలో గొంతు కోసుకుంటుంది. 1958లో ఫ్రెంచి పేపర్లో పడ్డ చిన్న వార్త నుంచి సెంబేన్ ముందు కథ రాశాడు, తర్వాత సినిమా తీశాడు. దియువానాగా వేసింది ఎంబిసీన్ తెరేజ్ దియోప్. డాకర్లో బట్టలు కుట్టుకుంటూ నటన నేర్చుకుంటున్న అమ్మాయి. సినిమా నడిచేదంతా దియువానా మనసులో మాటల మీద. ఆ మాటలు ఫ్రెంచిలో ఉంటాయి. ఆ గొంతు దియోప్‌ది కాదు. హైతీ గాయని, నటి తోతో బిసాంత్‌ది. లియాన్సోల్‌తో పాటు 'లె గ్రియో' పెట్టినవాళ్ళలో ఆమె కూడా ఉంది.

న్యాయంగా ఒక మాట చెప్పాలి. ఆ సినిమాలో తెల్ల దొరకీ దొరసానికీ కూడా వేరేవాళ్ళే గొంతిచ్చారు. డబ్బు తక్కువ, మాటలన్నీ తర్వాత అతికించినవే. ఫ్రెంచిలో తియ్యడం కూడా ఫ్రాన్సు నుంచి వచ్చే డబ్బుతోనూ, ఫ్రాన్సు నియమాలతోనూ ముడిపడ్డ సంగతి. రెండేళ్ళ తర్వాత 1968లో 'మండాబి'తో సెంబేన్ వొలోఫ్ భాషలోకి వచ్చేశాడు. అదీగాక 1934లో లవాల్ ఉత్తర్వు పెట్టి, ఆఫ్రికన్లు తమ నేలమీద తామే సినిమా తియ్యడానికి ముందస్తు అనుమతి కావాలన్న ఫ్రాన్సుని తప్పించి సెంబేన్‌ని తిట్టడం సరికాదు. అయినా ఆ అతుకు నన్ను వదలదు. ఎందుకంటే సినిమాలోనే అదే సంగతి ఇంకోసారి వస్తుంది. తల్లి దగ్గరనుంచి ఉత్తరం వస్తుంది. చదువురాని తల్లి ఎవరిచేతో రాయించింది. రాసిన బడిపంతులుగా సెంబేనే వేశాడు. చదువురాని కూతురి తరఫున దొర కూర్చుని జవాబు రాయడం మొదలుపెడతాడు, నేను బాగున్నాను, అమ్మగారు మంచివారు అని. దియువానా ఆ కాగితం చింపేస్తుంది. తన మాట కానిదాన్ని తన మాటగా పంపించనివ్వదు. దియోప్ ఆ సీనులో ఒక్క ముక్క పలకదు. ఆమె చేతులు చూడండి, కుట్టుపని చేసిన చేతులు. కాగితాన్ని బట్ట చింపినట్టు చింపుతాయి. గొంతు తీసేసినా నటిని తీసెయ్యలేకపోయారని నాకు ఆ సీను చూసినప్పుడల్లా అనిపిస్తుంది.

అంత పెద్ద పాత్ర వేసిన దియోప్‌కి తర్వాత ఏమొచ్చింది? 1971లో సెంబేన్ 'ఎమితాయ్'లో కనిపించింది. ఆ తర్వాత ఆమె పేరు మీద పెద్ద పాత్రలు లేవు. దర్శకుడు ఆఫ్రికా సినిమాకి తండ్రి అయ్యాడు. నటి పాఠ్యపుస్తకంలో బొమ్మ అయింది. ఆ నల్లా తెలుపూ ఫోటో ఎన్ని పుస్తకాల అట్టలమీద చూశానో.

హోందో మిగతా సినిమాల గురించి అన్నీ చెప్పబోను. 1974లో వచ్చిన 'లె బికో నెగ్ర్ వో వ్వాజాఁ' వలస కూలీల ఇళ్ళ గురించి, అద్దెల గురించి. అదే ఏడు కార్తేజ్‌లో బహుమతి వచ్చింది. మొదట్లో ఒక నల్ల నటుడు నేరుగా మనవైపు చూసి సినిమా అంటే ఏంటి, ఎవరిది అని నిలదీస్తాడు. నాకది కొంచెం సాగినట్టనిపించింది. 1979 నాటి 'వెస్టిండీస్' అట్లా కాదు. పారిస్‌లో మూతపడ్డ సిట్రోయెన్ కార్ల కార్ఖానాలో ఒక పెద్ద బానిసల ఓడ సెట్టు వేశాడు. నాలుగు వందల ఏళ్ళ చరిత్ర అంతా ఆ ఓడ దాటి బయటికి పోదు. బానిసలు దిగేదీ అక్కడే, 1963లో పెట్టిన ప్రభుత్వ సంస్థ ద్వారా దీవుల నుంచి ఫ్రాన్సుకి కూలీలు ఎక్కేదీ అక్కడే. పైఅంతస్తులో ఏలేవాళ్ళు, అడుగున జనం. ఓడని అట్లా నిలువుగా కోసి చూపిస్తుంటే అంబేద్కర్ చెప్పిన మెట్లు లేని మేడ గుర్తుకురాక మానదు. పైగా అది పాటల సినిమా, డాన్సుల సినిమా. పోరాటం గురించి చెప్పాలంటే ముఖం మాడ్చుకోవాలనుకునే మన మేధావులకి అది చూపించాలి. మన గద్దెల మీద డప్పు పట్టుకున్నవాడికి ఈ సంగతి ఎవరూ చెప్పక్కర్లేదు.

1986 నాటి 'సర్రౌనియా' ఆయన పెద్ద సినిమా. 1899లో నైజర్ ప్రాంతంలో వులే, షనువాన్ అనే ఫ్రెంచి సైనికాధికారుల దండుని ఎదిరించిన అజ్నా రాణి కథ. నైజర్‌లో తీద్దామనుకుంటే కుదరలేదు. థామస్ సంకారా ఏలుబడిలో ఉన్న బుర్కినా ఫాసోలో తీశాడు. రాణిగా వేసిన ఐ కీతా కొత్త మనిషి. ఆమె నిలబడ్డ తీరు, జనాన్ని ఉద్దేశించి మాట్లాడిన తీరు చూస్తే సినిమా స్కూళ్ళు అక్కర్లేదనిపిస్తుంది. 1987లో వాగడూగు ఉత్సవంలో పెద్ద బహుమతి వచ్చింది. అదే ఏడు అక్టోబరు 15న సంకారాని చంపేశారు. పారిస్‌లో మాత్రం ఆ సినిమాని థియేటర్లలో సరిగా ఆడనివ్వలేదు.

కానీ నా ఫిర్యాదు కూడా 'సర్రౌనియా' మీదనే. రాణి పేరు పెట్టుకున్న సినిమాలో సగానికి పైగా మనం ఫ్రెంచి దండు వెంట నడుస్తాం. వులే పిచ్చి, వులే క్రూరత్వం, వులే చావు. శత్రువుకి ఇచ్చినంత తెర రాణికి ఇవ్వలేదు. 'సొలెయ్ ఓ'లో ఆడవాళ్ళు మరీ పలచన. నల్లవాడి మగతనం గురించి విన్న కథల కోసం వచ్చి, నిరాశపడి పోయే తెల్లావిడని నవ్వించడానికి పెట్టాడు. నవ్వొస్తుంది కూడా. నల్ల ఆడమనిషి ఏ ఆఫీసు మెట్లు ఎక్కింది, ఏ ఇంట్లో తుడిచింది అన్నది ఆయనకి తట్టలేదు. దియువానా నాలుగేళ్ళ ముందే తెరమీద చచ్చిపోయి ఉన్నా తట్టలేదు. ఇంకొకటి. ఆయన పుట్టిన మౌరిటానియా బానిసత్వాన్ని చట్టంలో రద్దు చేసింది 1981లో. దాన్ని నేరంగా చేసింది 2007లో. పుట్టుకతో బానిసలైన హరాతీన్ జనం అక్కడ ఈనాటికీ కొట్లాడుతున్నారు. అట్లాంటిక్ మీద బానిసల ఓడ కట్టినవాడు సొంతగడ్డ మీది బానిసత్వాన్ని ఏ పెద్ద సినిమాకీ కేంద్రం చెయ్యలేదు. బయటి శత్రువు మీద కెమెరా పెట్టడం తేలిక, ఇంట్లోవాడి మీద పెట్టడం కష్టం. ఈ మాట మనకీ వర్తిస్తుంది. మాల మాదిగల మధ్య, మనలోని ఆడా మగా మధ్య ఉన్నదాన్ని ఎంతకాలం తర్వాత మాట్లాడుకుందాం అని పక్కనపెట్టామో నాకు తెలుసు.

1994లో 'లుమియేర్ నువార్', అంటే నల్ల వెలుగు, తీశాడు. 1986లో 101 మంది మాలీ దేశస్థుల్ని ప్రత్యేక విమానంలో ఎక్కించి ఫ్రాన్సు వెనక్కి పంపేసిన సంఘటన దాని వెనక ఉంది. రఫీకి కోతి ఫ్రెంచిలో మాట్లాడింది కూడా ఆ ఏడే. రెండిటిలో ఏది ఎంతమంది చూశారో చెప్పక్కర్లేదు.

2018లో ఫ్రాన్సులో 16 మంది నల్ల నటీమణులు కలిసి, నల్లగా ఉండటం నా వృత్తి కాదు అన్న అర్థం వచ్చే పేరుతో ఒక పుస్తకం వేశారు. దానికి పూనుకున్నది ఐసా మైగా. 2020 ఫిబ్రవరిలో సెజార్ బహుమతుల సభలో వేదికెక్కి ఆ హాల్లో నల్లవాళ్ళు ఎంతమందో లెక్కపెట్టినదీ ఆమే. సభలో కొందరు ఇబ్బందిగా నవ్వారు. హోందో అప్పటికి పోయి ఏడాది కావస్తోంది. ఆయన లెక్క మొదలుపెట్టింది 1960లలో.

ఆ 2020లోనే మైమునా దుకూరే అనే సెనెగల్ మూలాలున్న దర్శకురాలి మొదటి పెద్ద సినిమా 'మిన్యోన్' వచ్చింది. పారిస్ వాడల్లో పెరిగే పదకొండేళ్ళ నల్లపిల్ల కథ. ఆ సినిమా మీద అమెరికాలో పెద్ద గొడవ జరిగింది, అది వేరే చర్చ. ఆ ఇంట్లో పిల్లకి ఉల్లిపాయలు తరగడం నుంచి మగవాడికి లొంగి ఉండటం దాకా అన్నీ నేర్పించే ముసలి అత్త ఒకామె ఉంటుంది. కఠినమైన మనిషి, మనకి నచ్చదు. ఆమె ఎంబిసీన్ తెరేజ్ దియోప్. 54 ఏళ్ళ కింద దొరసాని వంటింట్లో నిలబడ్డ దియువానాయే ఈమె. ఈసారి వంటిల్లు ఆమెదే, మాటా ఆమెదే.